ఇగ్నాజ్ సెమ్మెల్‌వైస్

ఇగ్నాజ్ ఫిలిప్ సెమ్మెల్‌వైస్ (జూలై 1, 1818 - ఆగష్టు 13, 1865) హంగేరీ దేశానికి చెందిన ప్రసూతి వైద్యుడు. వైద్యులు తమ చేతులను క్లోరిన్ ద్రావణంతో కడుగుకొన్నట్లయితే బాలింతల ప్రాణాలను హరించే ప్రసూతి జ్వరాన్ని చాలావరకు నివారించవచ్చునని 1847లో వియన్నా నగరంలో నిరూపించాడు. సూక్ష్మజీవుల వలన రోగాలు కలుగుతాయన్న సిద్ధాంతం అప్పటికింకా స్థిరపడలేదు. సూక్ష్మదర్శినిపై గాని, కొత్త పరికరాలపై గాని ఆధారపడక, కేవలం పరిశీలన, పోలిక, లెక్క, ప్రయోగం అనే సాధనాలతో ఈయన ఈ ఫలితాన్ని సాధించాడు. అందువలన శాస్త్రీయ పద్ధతిని బోధించేటప్పుడు ఈయన పరిశోధనను తరచుగా ఉదాహరిస్తారు.

జననం, విద్యాభ్యాసం

సెమ్మెల్‌వైస్ బుడా పట్టణంలో జన్మించాడు. డాన్యూబ్ నదీతీరంలోని బుడా, పెస్ట్, ఓబుడా పట్టణాలు 1873లో ఏకమై బుడాపెస్ట్ నగరంగా ఏర్పడ్డాయి. తండ్రి కిరాణా వర్తకుడు. పదిమంది సంతానంలో ఈయన ఐదవవాడు. 1837లో న్యాయశాస్త్రం చదవడానికి వియన్నా విశ్వవిద్యాలయంలో చేరి, మరుసటి సంవత్సరమే వైద్యశాస్త్రానికి మారాడు. 1844లో వైద్య పట్టాను పొందాడు. 1846 జూలైలో వియన్నా జనరల్ ఆసుపత్రిలోని మొదటి ప్రసూతి విభాగంలో, ప్రొఫెసర్ యోహాన్ క్లైన్ వద్ద సహాయకుడుగా నియమితుడయ్యాడు.

రెండు విభాగాల సమస్య

ఆ ఆసుపత్రిలో రెండు ప్రసూతి విభాగాలు ఉండేవి. మొదటి విభాగంలో వైద్య విద్యార్థులు, రెండవ విభాగంలో మంత్రసాని విద్యార్థినులు శిక్షణ పొందేవారు. గర్భిణులను ఒకరోజు ఒక విభాగంలోను, మరునాడు రెండవ విభాగంలోను చేర్చుకొనేవారు. కనుక రెండింటిలోను చేరే స్త్రీల స్థితిగతులలో పెద్ద భేదం ఉండడానికి అవకాశం లేదు.

అయినా మరణాలలో భేదం చాలా ఎక్కువగా ఉండేది. 1846లో మొదటి విభాగంలో 4010 ప్రసవాలకు 459 మంది తల్లులు మరణించారు. అంటే నూటికి పదకొండు మందికి పైగా. రెండవ విభాగంలో 3754 ప్రసవాలకు మరణించినవారు 105 మంది మాత్రమే. అనగా నూటికి ముగ్గురికంటె తక్కువ. ఈ సంగతి నగరంలోని పేద స్త్రీలకు కూడ తెలుసు. తమను మొదటి విభాగంలో చేర్చవద్దని వారు వైద్యులను ప్రాధేయపడేవారు. ఆసుపత్రికి వచ్చే దారిలోనే ప్రసవించిన స్త్రీలలో సైతం ఈ జ్వరం తక్కువగా కనిపించేది.

పరికల్పనలు, పరీక్షలు

ఆనాడు చాలామంది వైద్యులు ఈ జ్వరానికి నగర వాతావరణంలోని దోషమే కారణమని భావించేవారు. అదే నిజమైతే ఒకే ఆవరణలోని రెండు విభాగాలను ఆ దోషం సమానంగా బాధించాలి. కావున సెమ్మెల్‌వైస్ ఆ వాదాన్ని త్రోసిపుచ్చాడు. జనసమ్మర్దం కారణమేమో అని పరిశీలించగా, మొదటి విభాగానికి భయపడి స్త్రీలు రెండవ విభాగాన్నే కోరుకొనడం వలన అక్కడే రద్దీ ఎక్కువని తేలింది.

మొదటి విభాగంలో స్త్రీలు వెల్లకిలా పడుకొని, రెండవ విభాగంలో పక్కకు తిరిగి పడుకొని ప్రసవించేవారు. మొదటి విభాగంలో కూడ ఆ పద్ధతినే ప్రవేశపెట్టి చూశాడు. మరణాలు తగ్గలేదు. మరణశయ్యపై ఉన్నవారికి అంత్యసంస్కార ప్రార్థన జరపడానికి వచ్చే మతగురువు మొదటి విభాగంలో గంట మ్రోగిస్తూ వార్డుల మీదుగా వెళ్ళేవాడు. ఆ భయమే రోగకారణమేమో అని సందేహించి, చుట్టుదారిన, గంట మ్రోగించకుండా వెళ్ళే ఏర్పాటు చేయించాడు. అప్పుడు కూడ మార్పు రాలేదు. ఈ విధంగా ఒక్కొక్క ఊహను పరీక్షకు పెట్టి, ఫలితం అనుకూలించనప్పుడు దానిని విడిచిపెట్టాడు.

మిత్రుని మరణం

1847 మార్చిలో న్యాయవైద్య ఆచార్యుడు, సెమ్మెల్‌వైస్ మిత్రుడు అయిన యాకోబ్ కొలెచ్కా మరణించాడు. శవపరీక్ష చేస్తుండగా ఒక విద్యార్థి చేతిలోని కత్తి ఆయన వ్రేలికి గ్రుచ్చుకొన్నది. ఆయన మృతదేహంలో కనిపించిన మార్పులు ప్రసూతి జ్వరంతో మరణించిన తల్లుల దేహాలలోని మార్పులను పోలి ఉన్నాయి. పురుషునికి ప్రసూతి జ్వరం రావడమన్న మాట లేదు. కనుక రెండింటికీ మూలం ఒకటే అయి ఉండాలని సెమ్మెల్‌వైస్ గ్రహించాడు. కత్తి ద్వారా రక్తంలో ప్రవేశించిన శవపదార్థమే కొలెచ్కా మరణానికి కారణం. వైద్య విద్యార్థులు శవపరీక్ష గది నుండి నేరుగా ప్రసూతి వార్డుకు వచ్చి స్త్రీలను పరీక్షించేవారు. మంత్రసాని విద్యార్థినులకు శవపరీక్షలు లేవు. రెండు విభాగాల మధ్య భేదం దీనితో వివరింపబడింది.

ఈ ఊహ సరియైనదైతే, చేతులకంటిన పదార్థాన్ని నశింపజేసినప్పుడు మరణాలు తగ్గాలి. సబ్బుతో కడిగినా చేతులకు శవవాసన పోకపోవడాన్ని బట్టి సబ్బు చాలదని ఈయన నిర్ణయించి, 1847 మే నెల మధ్య నుండి క్లోరిన్ ద్రావణాన్ని, తరువాత చౌకగా లభించే బ్లీచింగ్ పౌడరు ద్రావణాన్ని తప్పనిసరి చేశాడు. ఏప్రిల్‌లో నూటికి 18 వరకు ఉన్న మరణాలు జూలైలో నూటికి 1.2కు పడిపోయాయి. 1848లో మొదటి విభాగంలో 3556 ప్రసవాలకు 45 మరణాలు, రెండవ విభాగంలో 3219 ప్రసవాలకు 43 మరణాలు నమోదయ్యాయి. రెండు విభాగాల మధ్య భేదం తొలగిపోయింది.

సిద్ధాంతాన్ని సవరించుకొనడం

1847 అక్టోబరులో గర్భాశయ క్యాన్సరుతో ఉన్న ఒక స్త్రీని పరీక్షించిన తరువాత, వైద్యులు సబ్బుతో మాత్రమే చేతులు కడుగుకొని వరుసలోని మిగిలిన స్త్రీలను పరీక్షించారు. పన్నెండుమందిలో పదకొండుమంది మరణించారు. శవపదార్థం ఒక్కటే కారణమన్న తన అభిప్రాయం అసంపూర్ణమని దీనివలన తెలుసుకొన్నాడు. జీవించి ఉన్నవారి దేహంలో కుళ్ళిన పదార్థం కూడ ఈ జ్వరాన్ని కలిగించగలదని సిద్ధాంతాన్ని విస్తరించి, ప్రతి రోగిని పరీక్షించిన తరువాత చేతులు కడుగుకొనాలని నియమం విధించాడు.

వ్యతిరేకత

ఇంతటి ఫలితం కనిపించినా ఈయన వాదాన్ని పలువురు ప్రముఖులు అంగీకరించలేదు. తమ చేతులే తల్లుల మరణాలకు కారణమని ఒప్పుకొనడం వైద్యులకు కష్టమయింది. అయితే దోషమంతా వారిదే అనడం కూడ సరికాదు. సెమ్మెల్‌వైస్ తన పరిశోధనను చాలాకాలం స్వయంగా ప్రచురించలేదు. మిత్రుడు ఫెర్డినాండ్ హెబ్రా మొదలైనవారు ప్రకటించిన సంక్షిప్త వివరాల వలన, శవపదార్థం ఒక్కటే కారణమని ఈయన వాదిస్తున్నట్లు కొందరు పొరబడ్డారు. జర్మన్ భాషలో ఈయన రచించిన సమగ్ర గ్రంథం 1861లో, అంటే పరిశోధన జరిగిన పదునాలుగు సంవత్సరాలకు గాని వెలువడలేదు. ఆ పిమ్మట తన వాదాన్ని కాదన్న ఆచార్యులను తీవ్రంగా నిందిస్తూ బహిరంగ లేఖలు వ్రాశాడు. అవి అనుకూలురను సంపాదించిపెట్టలేదు.

1849లో వియన్నాలో ఈయన పదవీకాలాన్ని పొడిగించలేదు. 1850లో ఆ నగరాన్ని విడిచి పెస్ట్ చేరుకొన్నాడు. 1851 నుండి 1857 వరకు అక్కడి సెయింట్ రోకస్ ఆసుపత్రిలో ఈయన పర్యవేక్షణలో 933 ప్రసవాలు జరుగగా, ప్రసూతి జ్వరంతో మరణించినవారు ఎనిమిదిమంది మాత్రమే. 1855లో పెస్ట్ విశ్వవిద్యాలయంలో ఆచార్య పదవి లభించింది.

చివరి రోజులు

1865 నాటికి ఈయన మానసిక స్థితి క్షీణించింది. ఆ జూలైలో వియన్నా సమీపంలోని ఒక మానసిక చికిత్సాలయంలో చేర్చారు. రెండు వారాలకే, 47వ ఏట, గాయం విషపూరితమై మరణించాడు. ఎదుర్కొనడానికి జీవితమంతా పోరాడిన వ్యాధి వంటిదే ఈయనను బలిగొన్నది. రెండు సంవత్సరాల తరువాత 1867లో జోసెఫ్ లిస్టర్ క్రిమినాశక శస్త్రచికిత్సా విధానాన్ని ప్రకటించాడు. 1879లో లూయీ పాశ్చర్ ప్రసూతి జ్వరాన్ని కలిగించే సూక్ష్మజీవిని చూపించాడు.

శాస్త్రీయ పద్ధతికి ఉదాహరణగా

తత్వవేత్త కార్ల్ హెంపెల్ 1966లో ప్రకటించిన ప్రకృతి శాస్త్రాల తాత్విక గ్రంథంలో, పరికల్పనలను పరీక్షించే తీరుకు సెమ్మెల్‌వైస్ పరిశోధననే ఉదాహరణగా తీసుకొన్నాడు. విద్యార్థులు ఇందులో గమనించదగిన విషయాలు రెండు. మొదటిది, ప్రతి ఊహ నుండి ఒక ఫలితాన్ని ముందుగా ఊహించి, అది జరుగుతుందో లేదో చూడడం. జరగనప్పుడు ఊహను వదలుకొనడం కూడ జ్ఞానమే. రెండవది, సత్యాన్ని కనుగొనడంతోనే శాస్త్రజ్ఞుని పని ముగియదు. ఇతరులు పరిశీలించి, సందేహించి, తిరిగి పరీక్షించడానికి వీలుగా ఆధారాలను సకాలంలో వారి ముందుంచాలి. మొదటిదానిలో సెమ్మెల్‌వైస్ ఆదర్శప్రాయుడు. రెండవదానిలో జరిగిన ఆలస్యానికి మూల్యం చెల్లించినవారు ఈయనతోపాటు యూరప్‌లోని బాలింతలు కూడ.

1969లో బుడాపెస్ట్‌లోని వైద్య విశ్వవిద్యాలయానికి సెమ్మెల్‌వైస్ పేరు పెట్టారు. ఈయన ఆవిష్కరణకు సంబంధించిన పత్రాలను యునెస్కో 2013లో ప్రపంచ స్మృతి పట్టికలో చేర్చింది.