రాయబారి నవాబ్ అలీ యావర్ జంగ్, వారి కుటుంబం

చెవి వినపడని పిల్లను చంకనేసుకొని మన కథలాపూరు, కోరుట్ల వైపు నుంచి సికింద్రాబాదు మనోవికాస్ నగర్ దాకా పోయివచ్చిన తల్లిదండ్రులకు ఈ పేరు కొత్త కాదు. అక్కడి గేటు మీద, చేతికిచ్చే కాగితాల మీద అలీ యావర్ జంగ్ అనే పేరు అచ్చయి ఉంటుంది. ఆయన చెవుల డాక్టరేమో, లేకుంటే ఆ స్థలం ఇచ్చిన నవాబేమో అని చాలామంది అనుకుంటారు. మేమూ చాలా రోజులు అట్లాగే అనుకున్నాము. వారు డాక్టరూ కారు, స్థలదాతా కారు. వారు మన హైదరాబాదు బిడ్డ, అయిదు దేశాల రాజధానుల్లో భారతదేశం తరపున రాయబారిగా కూర్చున్న మనిషి. మన సొసైటీ సభ్యుల ఇండ్లలో గల్ఫు పోనివారు ఉన్న ఇల్లు వెతికితే గాని దొరకదు. పాస్‌పోర్టు కఫీల్ దగ్గర చిక్కుబడితేనో, అవుట్‌పాస్ కావలసివస్తేనో ఎంబసీ గుర్తుకొస్తుంది. ఆ ఎంబసీలో పెద్ద కుర్చీలో కూర్చునేవారి జీవితం ఎట్లా ఉంటుందో, అందులోనూ మన గడ్డ నుంచి పోయినవారిది ఎట్లా సాగిందో మన పిల్లలు తెలుసుకోవాలని ఈసారి సంచికలో వారిని గురించి వ్రాస్తున్నాము.

హైదరాబాదుకూ బయటి దేశాలకూ ఉన్న చుట్టరికం అంటే మన బుజుర్గులు 1931లో ఫ్రాన్సులోని నీస్ పట్నంలో జరిగిన పెళ్లిళ్ల ముచ్చటే ఎత్తుతారు. నిజాం గారి కొడుకులిద్దరూ టర్కీ సుల్తానుల వంశపు ఆడపడుచులను చేసుకున్నారు గదా. అది రాజుల సంగతి. అలీ యావర్ జంగ్ గారిది మాత్రం చదువుతో పైకి వచ్చిన ఇల్లు.

వారి తల్లిగారి తండ్రి సయ్యద్ హుస్సేన్ బిల్‌గ్రామీ, ఇమాదుల్ ముల్క్ అనే బిరుదుతో ప్రసిద్ధులు. మొదటి సాలార్ జంగ్ వారిని 1873 ప్రాంతంలో లక్నో నుంచి పిలిపించుకొని తన దగ్గర పెట్టుకున్నారు. రాజ్యంలో బడులు, చదువుల శాఖ వారి చేతి మీదుగా పెరిగాయి. ఆసఫియా గ్రంథాలయం, అరబ్బీ గ్రంథాలు అచ్చువేసే దాయిరతుల్ మఆరిఫ్ వెనుక వారి కృషి ఉంది. 1907లో లండన్‌లో ఇండియా మంత్రి కౌన్సిలులో ఇద్దరు భారతీయులకు మొదటిసారి చోటిస్తే అందులో ఒకరు వీరే. ఖురాను షరీఫును ఇంగ్లీషులోకి తేవడం మొదలుపెట్టి, పూర్తికాకుండానే 1926లో కన్నుమూశారు.

తండ్రి డాక్టర్ ఖదీవ్ జంగ్. తల్లి తయ్యిబా బేగం. ఈ తల్లి దగ్గర కొంచెం ఆగాలి. ఆడపిల్లకు నాజిరా ఖురాను, నాలుగు ఉర్దూ కితాబులు చదివిస్తే చాలనుకునే రోజుల్లో ఆమె పర్దాలో ఉండే మద్రాసు యూనివర్సిటీ బి.ఏ. పాసయ్యారు. మన ముస్లిం ఆడవాళ్లలో ఆ డిగ్రీ అందుకున్న తొలి తరంవారిలో ఆమె ఒకరు. హైదరాబాదులో ఆడవాళ్ల కోసం అంజుమనె ఖవాతీన్ నడిపారు. ఆ తల్లి పెంపకంలో కొడుకు రాయబారి అయితే, కూతురు మాసుమా బేగం 1960లో సంజీవయ్య గారి మంత్రివర్గంలో సాంఘిక సంక్షేమ మంత్రి అయ్యారు. ఆంధ్రప్రదేశ్‌లో మంత్రి పదవి పొందిన మొదటి ముస్లిం మహిళ ఆమె. ఒక తల్లి చదివితే ఇంట్లో ఎంతమంది చదువుతారని మన మీటింగులలో ఉపన్యాసాలు ఇస్తుంటాము, లెక్క ఇక్కడుంది.

అలీ యావర్ జంగ్ గారు ఇరవయ్యో శతాబ్దం మొదటి దశకంలో హైదరాబాదులో పుట్టారు. పెద్ద చదువు ఆక్స్‌ఫర్డులో. ఫ్రెంచి భాష కూడా బాగా పట్టుబడింది. తిరిగివచ్చి ఉస్మానియాలో చరిత్ర పాఠాలు చెప్పారు. ఆ తరువాత నిజాం ప్రభుత్వంలో చేరి ఒక్కొక్క మెట్టే ఎక్కి, రాజ్యాంగ వ్యవహారాలు చూసే మంత్రి దాకా వచ్చారు.

అక్కడే మొదటి పరీక్ష ఎదురైంది. 1947లో ఇంగ్లీషువాళ్లు వెళ్లిపోతున్నారు, హైదరాబాదు ఏం కావాలి? ఢిల్లీతో మాట్లాడి ఒక ఒడంబడికకు రావాలని కొందరు. ఎవరికీ తల వంచేది లేదని రజాకార్లు. ప్రధానమంత్రి ఛత్తారీ నవాబుతో కలిసి ఢిల్లీ మాటామంతీలో పాల్గొన్నవారిలో అలీ యావర్ జంగ్ ఉన్నారు. ఆ అక్టోబరు 27 తెల్లవారుజామున పెద్ద గుంపు చేరి, ఢిల్లీకి పోవలసినవారి ఇండ్లను చుట్టుముట్టి కదలనివ్వలేదు. ఛత్తారీ నవాబు దిగిపోయారు, లాయఖ్ అలీ వచ్చారు. అలీ యావర్ జంగ్ కూడా అదే ఏడాది పదవి వదులుకున్నారు. ఆ మరుసటి ఏడు సెప్టెంబరులో ఏం జరిగిందో, మన జిల్లాల్లో ఎన్ని ఇండ్లలో దీపాలు ఆరినయో మన పెద్దలకు చెప్పనక్కరలేదు. మాట్లాడుకుందామన్నవారి మాట ఆనాడు చెల్లి ఉంటే ఎట్లుండేదో అని మాకు అనిపిస్తుంది. కాని ఆనాడు ఆ మాట అన్నవారిని మనవాళ్లే ద్రోహులన్నారు.

పోలీసు చర్య తరువాత వారిని మళ్లీ ఉస్మానియా వైస్ ఛాన్సలరుగా కూర్చోబెట్టారు. 1945–46లో ఒకసారి చేసిన పదవే; ఈసారి 1948 నుంచి 1952 దాకా. కూర్చున్న కుర్చీ ముళ్లది. ఉర్దూలో డాక్టరీ, ఇంజనీరింగు దాకా చెప్పిన యూనివర్సిటీ అది. ఆ ఉర్దూ పోయి ఇంగ్లీషు వచ్చింది వీరి కాలంలోనే. ఎవరు ఆ కుర్చీలో ఉన్నా ఆగేది కాదు అనేది ఒక మాట. అంత చదువుకున్న ఇంటి మనిషి చేతిమీదుగా అయింది అనే బాధ ఇంకొక మాట. రెండూ నిజమే.

1952లో నెహ్రూ గారి ప్రభుత్వం వారిని అర్జెంటీనాకు రాయబారిగా పంపింది. అక్కడి సంగతి క్లుప్తంగా వదిలేద్దాం. 1954లో కైరో వెళ్లారు. ఇదే వారి ఉద్యోగంలో నిండు ఘట్టం. 1956 జులై 26న నాసర్ గారు సూయజ్ కాలువను జాతీయం చేసినట్టు ప్రకటించారు. అక్టోబరు చివర ఇజ్రాయిలు, దాని వెంట ఇంగ్లండు, ఫ్రాన్సులు ఈజిప్టు మీద పడ్డాయి. కైరో మీద బాంబులు పడుతుంటే ఊళ్లో ఉన్న మన రాయబారి వీరే. భారతదేశం ఈజిప్టు పక్షాన నిలిచింది, తరువాత ఐక్యరాజ్యసమితి శాంతి సేనలో మన జవాన్లు కూడా అక్కడికి పోయారు. ఇట్లాంటప్పుడు రాయబారి పని అంటే విందులు, కరచాలనాలు కావు. అక్కడి ప్రభువుల మనసులో ఏముందో కనిపెట్టి ఢిల్లీకి వ్రాయాలి, ఢిల్లీ మాటను వాళ్లకు నొప్పి తగలకుండా, అర్థం చెడకుండా అందించాలి, ఊళ్లో చిక్కుకున్న మనవాళ్లను చూసుకోవాలి.

కైరో నుంచి 1958లో యుగోస్లావియా. దానితోపాటు గ్రీసు బాధ్యత. టిటో, నాసర్, నెహ్రూ ముగ్గురూ అలీన దేశాల పేరుతో దగ్గరవుతున్న రోజులవి. ఆ ముగ్గురిలో ఇద్దరి రాజధానుల్లో ఒకరి తరువాత ఒకరి దగ్గర పనిచేసిన మనిషి మన హైదరాబాదీ. 1959లో పద్మభూషణ్ ఇచ్చారు. 1961లో పారిస్. కుర్రవాడిగా నేర్చిన ఫ్రెంచి ఇక్కడ అక్కరకొచ్చింది.

పారిస్ నుంచి నేరుగా 1965లో అలీఘర్ ముస్లిం యూనివర్సిటీకి వైస్ ఛాన్సలరుగా వచ్చారు. వీరి ముందటి వైస్ ఛాన్సలరు బద్రుద్దీన్ తయ్యబ్జీ, వారూ రాయబారే. అలీఘర్‌లో చదివిన పిల్లలకు పై కోర్సులలో నూటికి డెబ్బయి అయిదు సీట్లు అట్టిపెట్టే పద్ధతి ఉండింది. కొత్తగా వచ్చినవారు దాన్ని యాభైకి తగ్గించారు. డాక్టరీ, ఇంజనీరింగు సీట్ల మీద ఆశ పెట్టుకున్న పిల్లల్లో అలజడి పుట్టింది. ఏప్రిల్ 25న యూనివర్సిటీ కోర్టు సమావేశం జరుగుతుండగా విద్యార్థుల గుంపు లోపలికి తోసుకువచ్చి వైస్ ఛాన్సలరును చితకగొట్టింది. ప్రాణం దక్కడమే గొప్ప అనే స్థితిలో వారిని బయటికి తెచ్చారు. మే నెలలో కేంద్ర విద్యా మంత్రి చాగ్లా గారి హయాంలో ఆర్డినెన్సు వచ్చి, యూనివర్సిటీ పాలక మండళ్ల అధికారాలు తీసివేసింది. దేశమంతటా ముస్లిములు దాన్ని తమ సంస్థ మీద దెబ్బగా చూశారు. అజీజ్ బాషా పేరుతో కేసు సుప్రీంకోర్టుకు పోయి, 1967లో ఆ యూనివర్సిటీ మైనారిటీలు స్థాపించినది కాదని తీర్పు వచ్చింది. ఆ తీర్పును 2024 నవంబరులో ఏడుగురు జడ్జీలలో నలుగురు కాదన్నారు. యూనివర్సిటీ హోదా తేల్చే పని మాత్రం వేరే బెంచికి వదిలారు.

చూడండి, ఒక ఏప్రిల్ రోజున మొదలైన గొడవ యాభై తొమ్మిదేండ్లు కోర్టుల్లో నలిగింది. సీట్లు తగ్గించే ముందు పిల్లలతో, పెద్దలతో ఇంకొంచెం మాట్లాడి ఉండవలసిందని మా అభిప్రాయం. పది దేశాల మనుషులతో మాట్లాడి ఒప్పించిన నేర్పరి స్వంతవాళ్ల దగ్గర తొందరపడ్డారేమో. కాని ఉస్తాదు మీద చెయ్యి ఎత్తినవారిని ఏ లెక్కన సమర్థిస్తాం? వారు మాత్రం దెబ్బలు మానిన తరువాత ఊరు విడిచి పోలేదు. అదే పిల్లల మధ్య, అదే కుర్చీలో 1968 దాకా పనిచేశారు. వారి జీవితంలో మాకు అన్నిటికంటే పెద్దదిగా తోచేది ఇదే.

ఆ పైన 1970 వరకు అమెరికాలో రాయబారి. 1971 ఫిబ్రవరిలో మహారాష్ట్ర గవర్నరు. అక్కడ 1972 కరువు చూశారు. పనికి కూలి ఇస్తూ లక్షలమందిని బతికించిన కరువు పనులు ఆ రాష్ట్రంలో జరిగినది వారి కాలంలోనే. 1976 డిసెంబరు 11న పదవిలో ఉండగానే బొంబాయిలో పరమపదించారు. మరుసటి ఏడు పద్మవిభూషణ్ ప్రకటించారు. బొంబాయి బాంద్రాలో ఒక పెద్ద రోడ్డుకు వారి పేరు పెట్టారు. 1983లో అదే బాంద్రాలో వినికిడి లోపం ఉన్నవారికోసం జాతీయ సంస్థ వెలిసి, దానికీ ఆ పేరే వచ్చింది. మన సికింద్రాబాదులో ఉన్నది దాని కొమ్మ.

ఇంటి సంగతి. వారి మొదటి భార్య ఫ్రెంచి వనిత, పేరు ఆలిస్. తరువాతి భార్య జెహ్రా బేగం సంఘసేవలో పేరు తెచ్చుకొని 1973లో పద్మభూషణ్ పొందారు. భార్యాభర్తలిద్దరికీ ఆ గౌరవం దక్కడం అరుదు. ఆలిస్ గారి కూతురు బిల్‌కీస్. పరాయి దేశం నుంచి హైదరాబాదు కోడలుగా వచ్చిన తన తల్లి కథను ఆమె ఇంగ్లీషులో పుస్తకంగా వ్రాశారు. ఆమె భర్త కూడా మన హైదరాబాదీయే, ఇద్రీస్ హసన్ లతీఫ్. దేశ విభజనప్పుడు పాకిస్తాను వాయుసేనకు పోయే వీలున్నా భారతదేశంలోనే ఉండిపోయి, 1978 నుంచి 1981 వరకు మన వాయుసేనాధిపతి అయ్యారు.

ఆయన దిగిన మరుసటి ఏడు, 1982లో, మహారాష్ట్ర గవర్నరుగా వేశారు. తండ్రి కన్నుమూసిన అయిదేండ్లు దాటాక ఆ కూతురు బొంబాయి సముద్రపు ఒడ్డున అదే రాజ్‌భవన్‌లో గవర్నరు భార్యగా అడుగుపెట్టింది. అక్కడ కూర్చోకుండా ధారావి మురికివాడల్లో ఆడవాళ్ల, పిల్లల కోసం పనిచేసింది. 1985లో భర్తకు ఫ్రాన్సు రాయబార పదవి వచ్చింది. తండ్రి పనిచేసిన పారిస్‌కే మళ్లీ, తల్లి దేశానికే మళ్లీ. 2009లో ఆమెకు పద్మశ్రీ ఇచ్చారు. ఆలూమగలిద్దరూ చివరికి హైదరాబాదు చేరుకున్నారు. ఆమె 2017లో, ఆయన ఆ మరుసటి ఏడు కన్నుమూశారు.