ఒక్క గోలీతో అయ్యే పని కాదు: యల్లాప్రగడ సుబ్బారావు జీవితం

యల్లాప్రగడ సుబ్బారావు పేరు మనలో చాలామందికి జీకే బిట్‌గానే తెలుసు. పోటీ పరీక్షల పుస్తకంలో ఆరియోమైసిన్ ఎదురుగా ఆయన పేరుంటుంది. టిక్ పెడతాం, పేజీ తిప్పుతాం. ఈసారి మన క్లబ్ పత్రికకు ఒక సైంటిస్టు గురించి రాయమన్నప్పుడు నేను ఆయన్నే ఎంచుకున్నాను. దానికి కారణం ఆరియోమైసిన్ కాదు. ఆయన ల్యాబ్ నుంచి వచ్చిన మందుల్లో ముఖ్యమైనవి ఇవాళ ఒంటరిగా కంటే వేరే మందులతో జట్టు కట్టినప్పుడే బాగా పనిచేస్తున్నాయి. ఆ జట్టులు కుదిరేనాటికి ఆయన లేరు. ఆ కథ నాకు జీకే బిట్ కంటే చాలా పెద్దదిగా అనిపించింది.

భీమవరం నుంచి బోస్టన్ దాకా

సుబ్బారావు 1895 జనవరి 12న భీమవరంలో పుట్టారు. తండ్రి జగన్నాథం, తల్లి వెంకమ్మ. ఇంట్లో పిల్లలు ఎక్కువ, డబ్బు తక్కువ. చదువు మీద మొదట్లో ఆయనకు పెద్ద ధ్యాస లేదు. 13 ఏళ్ల వయసులో కాశీకి పోయి యాత్రికులకు అరటిపళ్లు అమ్మి డబ్బు సంపాదిద్దామని ఇంట్లోంచి బయల్దేరారు. తల్లి వెనక్కి రప్పించి మళ్లీ బడికి పంపింది. మెట్రిక్ మూడోసారికి గానీ పాస్ కాలేదు. సప్లీల గురించి దిగులు పడే మన హాస్టల్ మిత్రులు ఈ ముక్క గుర్తు పెట్టుకోండి.

తర్వాత మద్రాసు ప్రెసిడెన్సీ కాలేజీ. సన్యాసం పుచ్చుకుని రామకృష్ణ మఠంలో చేరాలనుకున్నారు గానీ తల్లి ఒప్పుకోలేదు. మద్రాసు మెడికల్ కాలేజీలో చేరారు. మామగారు కస్తూరి సూర్యనారాయణమూర్తి చదువుకు సాయం చేశారు, ఆయన కూతురు శేషగిరితో 1919లో పెళ్లయింది. అది గాంధీ పిలుపు ఊరూరా వినిపిస్తున్న కాలం. సుబ్బారావు ఆపరేషన్ గదికి ఖద్దరు కోటు వేసుకుని వెళ్లారు. సర్జరీ ప్రొఫెసర్ బ్రాడ్‌ఫీల్డ్‌కు అది నచ్చలేదు. పరీక్షలు బాగానే రాసినా చివరికి చేతికొచ్చింది ఎంబీబీఎస్ కాదు, దానికంటే తక్కువదైన ఎల్ఎంఎస్.

ఆ డిగ్రీతో సర్కారు వైద్య సర్వీసులో చోటు దొరకలేదు. మద్రాసులో డాక్టర్ ఆచంట లక్ష్మీపతి నడిపే ఆయుర్వేద కాలేజీలో అనాటమీ చెప్పే ఉద్యోగంలో చేరారు. ఇంగ్లీషు వైద్యం చదివిన మనిషి ఆయుర్వేదం నేర్చుకునే పిల్లలకు శరీర నిర్మాణం బోధిస్తూ, ఆ మందుల్లో అసలు ఏముంది, అవి ఎట్లా పనిచేస్తాయి అని ఆలోచించడం మొదలుపెట్టారు.

ఈలోగా ఇంట్లో పిడుగు పడింది. ఇద్దరు అన్నదమ్ములు కొద్ది రోజుల తేడాతో చనిపోయారు. జబ్బు పేరు స్ప్రూ. తిన్నది ఒంటికి పట్టదు, నోరు పూస్తుంది, విరేచనాలు ఆగవు, రక్తం తగ్గిపోతుంది, మనిషి ఎముకల గూడు అవుతాడు. అప్పటికి దానికి సరైన మందు లేదు. డాక్టరు చదువు చదివి కూడా సుబ్బారావు చూస్తూ ఉండాల్సి వచ్చింది.

1922 అక్టోబర్‌లో ఆయన బోస్టన్‌లో దిగారు. హార్వర్డ్‌లో ఉష్ణమండల వ్యాధుల చదువు కోసం. కాకినాడ మల్లాడి సత్యలింగ నాయకర్ ధర్మనిధి, మామగారు కలిసి డబ్బు సర్దారు. గర్భవతి అయిన భార్యను వదిలి, మూడేళ్లలో వస్తానని చెప్పి వెళ్లిన మనిషి మళ్లీ ఈ గడ్డ మీద కాలు పెట్టలేదు. పుట్టిన కొడుకు పసితనంలోనే పోయాడు. అక్కడ పొట్ట గడవడానికి ఆస్పత్రిలో రాత్రిపూట పోర్టరుగా చేరి రోగుల మలమూత్రాల పాత్రలు కడిగారు.

హార్వర్డ్ బల్ల మీద ఇద్దరు

పగలంతా సైరస్ ఫిస్కే ల్యాబ్. రక్తంలో, మూత్రంలో భాస్వరం ఎంతుందో రంగును బట్టి కొలిచే ఫిస్కే-సుబ్బారావు పద్ధతి 1925లో వచ్చింది. బయోకెమిస్ట్రీ చదివేవాళ్లకు ఇప్పటికీ ఆ పేరు తగులుతుంది. 1927లో కండరాల్లో ఫాస్ఫోక్రియాటిన్ ఉందని చూపించారు. 1929లో ఏటీపీ. అదే సమయంలో జర్మనీలో లోమన్ కూడా ఏటీపీని పట్టుకున్నాడు. కండరం కదలడానికి లాక్టిక్ ఆమ్లమే కారణమన్న అప్పటి గట్టి నమ్మకం వీటితో కదిలిపోయింది. 1930లో పీహెచ్‌డీ వచ్చింది. హార్వర్డ్ మాత్రం ఆయనకు పర్మనెంట్ ఉద్యోగం ఇవ్వలేదు.

అదే ఫిస్కే దగ్గర జార్జ్ హిచింగ్స్ అనే కుర్రాడు కూడా పీహెచ్‌డీ చేశాడు. ఈ పేరు గుర్తుంచుకోండి, ఇంకాసేపట్లో మళ్లీ వస్తుంది.

1940లో సుబ్బారావు న్యూయార్క్ రాష్ట్రం పెర్ల్ రివర్‌లోని లెడర్లే కంపెనీకి మారారు, కొద్దికాలానికే పరిశోధన విభాగానికి పెద్ద అయ్యారు. అక్కడ ఆయన పని తీరు మన ప్రాజెక్టు టీములకు పాఠం లాంటిది. కెమిస్టులు, సూక్ష్మజీవుల నిపుణులు, జంతువుల మీద పరీక్షలు చేసేవాళ్లు, ఆస్పత్రి డాక్టర్లు అందరినీ ఒకే ప్రశ్న చుట్టూ కూర్చోబెట్టేవారు. 70 దాటిన వృక్షశాస్త్రవేత్త బెంజమిన్ డగ్గర్‌కు మట్టి నమూనాల్లో యాంటీబయాటిక్ వెతికే పని దొరికింది ఈ ల్యాబ్‌లోనే. అదే 1948లో ఆరియోమైసిన్ అయింది. పేపర్ల మీద పేరు పని చేసినవాళ్లదే ఉండేది. ఆయన వెనకే ఉండిపోయేవారు.

అన్నదమ్ములను తీసుకుపోయిన స్ప్రూను ఆయన మరిచిపోలేదు. 1945లో ఆయన టీము ఫోలిక్ ఆసిడ్‌ను ల్యాబ్‌లో తయారుచేసింది. కాలేయం నుంచి చిటికెడు చిటికెడు తీసే అవసరం లేకుండా కిలోల్లో దొరికింది. డాక్టర్ టామ్ స్పైస్ దాన్ని క్యూబాలోని స్ప్రూ రోగులకు ఇచ్చి చూస్తే వాళ్ల రక్తం పెరిగింది, మంచంలోంచి లేచారు. తన ఇంటికి పాతికేళ్లు ఆలస్యంగా వచ్చిన మందు అది.

మేలు చేసేదాన్ని తిప్పి కొడితే

బోస్టన్ పిల్లల ఆస్పత్రిలో సిడ్నీ ఫార్బర్ అనే డాక్టర్ ఒక విషయం గమనించాడు. రక్త క్యాన్సర్ ఉన్న పిల్లలకు ఫోలిక్ ఆసిడ్ లాంటివి ఇస్తే జబ్బు తగ్గకపోగా ఇంకా వేగంగా పెరుగుతోంది. అంటే క్యాన్సర్ కణాలకు కూడా అదే కావాలి. కణం రెండుగా చీలాలంటే డీఎన్ఏ కాపీ తీయాలి, కాపీ తీయాలంటే ఫోలేట్ ఉండాలి. అట్లయితే ఫోలిక్ ఆసిడ్ లాగే కనిపించి, తాళంలో దూరి తిరగకుండా ఇరుక్కుపోయే దొంగ తాళంచెవి తయారుచేస్తే? సుబ్బారావు ల్యాబ్‌లో డోరిస్ సీగర్, తోటి కెమిస్టులు అలాంటివి తయారుచేశారు. ఒకటి అమినోప్టెరిన్, దాని తర్వాత వచ్చింది అమిథాప్టెరిన్. రెండోదాన్నే ఇవాళ మెథోట్రెక్సేట్ అంటున్నాం.

1948 జూన్‌లో ఫార్బర్ ఫలితాలు ప్రకటించాడు. అమినోప్టెరిన్ ఇచ్చిన 16 మంది పిల్లల్లో 10 మందికి జబ్బు వెనక్కి తగ్గింది. అంతకుముందు రక్త క్యాన్సర్‌ను ఏ మందూ అట్లా వెనక్కి నెట్టింది లేదు. కానీ ఆ తగ్గుదల కొన్ని వారాలు, కొన్ని నెలలే. మందుకు లొంగని కణాలు మళ్లీ పెరిగాయి, పిల్లలు దక్కలేదు.

అదే ఏడు ఆగస్టులో సుబ్బారావు నిద్రలోనే గుండెపోటుతో చనిపోయారు. వయసు 53.

రెండో మందు, మూడో మందు, నాలుగోది

ఆయన జీవితం అక్కడ ముగిసింది గానీ ఆ మందు జీవితం అక్కడే మొదలైంది. హిచింగ్స్, గెర్‌ట్రూడ్ ఎలియన్ కలిసి 1950ల మొదట్లో 6-మెర్కాప్టోప్యూరిన్ తయారుచేశారు. అదీ డీఎన్ఏనే దెబ్బతీస్తుంది, కానీ ఇంకో చోట. ఒకే ప్రొఫెసర్ దగ్గర పనిచేసిన ఇద్దరి మందులు చిన్నపిల్లల రక్తంలో కలుసుకున్నాయి.

1960ల మొదట్లో అమెరికా నేషనల్ క్యాన్సర్ ఇన్‌స్టిట్యూట్‌లో ఫ్రై, ఫ్రైరైక్ అనే డాక్టర్లు నాలుగు మందులు కలిపి ఇచ్చారు. మెథోట్రెక్సేట్, మెర్కాప్టోప్యూరిన్, ప్రెడ్నిసోన్ అనే స్టెరాయిడ్, విన్‌క్రిస్టిన్. విన్‌క్రిస్టిన్ ఎక్కడిదో తెలుసా? మన ఇళ్ల ముందర, గుళ్ల దగ్గర పూసే బిళ్ళగన్నేరు మొక్కలోంచి తీస్తారు.

కలపడం ఎందుకో మన భాషలో చెప్తాను. జబ్బు బయటపడేనాటికి ఒంట్లో క్యాన్సర్ కణాలు లక్ష కోట్ల దాకా ఉండొచ్చు. ప్రతి 10 లక్షల కణాల్లో ఒకటి మొదటి మందుకు లొంగదనుకుందాం. ఆ మందు ఎంత గొప్పదైనా 10 లక్షల కణాలు మిగులుతాయి, మళ్లీ పెరుగుతాయి. రెండో మందుకూ అదే లెక్క అనుకుంటే, రెండూ కలిపి ఇచ్చినప్పుడు మిగిలేది ఒక కణం. మూడోది కలిస్తే అదీ మిగలడం కష్టం. ప్రాబబిలిటీలో ఇండిపెండెంట్ ఈవెంట్లను గుణించినట్టే. అయితే షరతు ఉంది. మందులు వేర్వేరు దారుల్లో పనిచేయాలి, లేకపోతే గుణకారం చెల్లదు. వాటి చెడు ప్రభావాలు కూడా ఒకే అవయవం మీద పడకూడదు, లేకపోతే జబ్బుకంటే ముందు మనిషి పోతాడు.

అయినా ఇంకో చిక్కు మిగిలింది. ఈ మందులు రక్తంలోంచి మెదడులోకి సరిగ్గా చేరవు. క్యాన్సర్ కణాలు అక్కడ దాక్కుని తర్వాత బయటపడేవి. మెంఫిస్‌లోని సెయింట్ జూడ్ ఆస్పత్రిలో డొనాల్డ్ పింకెల్ మందుల జట్టుకు తలకు రేడియేషన్, వెన్నులోకి మెథోట్రెక్సేట్ ఇంజెక్షన్ కలిపాడు. 1960ల చివర్లో ఆయన వైద్యం పొందిన పిల్లల్లో దాదాపు సగం మందికి జబ్బు పూర్తిగా నయమైంది. ఇవాళ ధనిక దేశాల్లో ఈ రకం రక్త క్యాన్సర్ వచ్చిన పిల్లల్లో 10 మందిలో 9 మంది దాకా బతుకుతున్నారు. మెథోట్రెక్సేట్ ఇంకా ఆ జట్టులో ఉంది.

మన సూర్యాపేటలో ఆయన గోలీలు

ఇదంతా అమెరికా ముచ్చట అనుకోకండి. మా పెద్దమ్మకు కీళ్లవాతం, రుమటాయిడ్ ఆర్థరైటిస్. ఉండేది సూర్యాపేటలోనే. ఆమె మందుల డబ్బాలో వారానికి ఒకసారి మెథోట్రెక్సేట్, ఇంకో రోజు ఫోలిక్ ఆసిడ్, రోజూ ఇంకో గోలీ. ఇన్ని గోలీలు ఎందుకు, అసలుది ఏదో చెప్తే అదొక్కటే వేసుకుంటా కదా అని నన్నే అడిగింది. ఫోలిక్ ఆసిడ్ ఉత్త బలం గోలీ అని అప్పటికే పక్కన పెట్టింది. నోరు పూసి అన్నం తినలేకపోతుంటే వేడి చేసిందనుకుంది.

ఆ రెండు గోలీలు ఒకే ల్యాబ్ బిడ్డలు. ఒకటి ఫోలేట్ దారిని అడ్డుకుంటుంది, దానివల్ల కీళ్ల మీద శరీరం చేసే దాడి తగ్గుతుంది. కానీ నోటి పొరకూ, రక్తానికీ ఫోలేట్ కావాలి కాబట్టి అక్కడ దెబ్బ తగలకుండా రెండోది కాపు కాస్తుంది. స్ప్రూ రోగులకు నోరు పూయడానికీ, ఆమెకు నోరు పూయడానికీ వెనక ఉన్నది ఒకే కొరత. డాక్టర్ ఇదే మాట వివరంగా చెప్పాక ఆమె మళ్లీ మొదలుపెట్టింది, నోరు కుదురుకుంది. ఇంకో సంగతి. కీళ్లవాతానికి మెథోట్రెక్సేట్ వారానికి ఒక్కసారే. పొరపాటున రోజూ వేసుకుంటే ప్రాణం మీదికి వస్తుంది. మీ ఇంట్లో ఎవరైనా వాడుతుంటే చీటీ మీద ఏ వారమో తెలుగులో పెద్దగా రాసి డబ్బాకు అంటించండి.

కీళ్లవాతంలోనూ జట్టు లెక్కే గెలిచింది. 1996లో అమెరికాలో 102 మంది మీద జరిగిన పరీక్షలో మెథోట్రెక్సేట్ ఒక్కటే తీసుకున్నవాళ్లలో 33 శాతం మందికి రెండేళ్ల పాటు బాగా గుణం కనిపించింది. సల్ఫాసలజీన్, హైడ్రాక్సీక్లోరోక్విన్ రెండే తీసుకున్నవాళ్లలో 40 శాతం. మూడూ కలిపి తీసుకున్నవాళ్లలో 77 శాతం.

బోదకాలు సంగతీ ఇంతే. మన పాత నల్లగొండ జిల్లా బోదకాలు ఉన్న జిల్లాల్లో ఒకటి. ఇంటింటికీ తిరిగి ఆశా అక్కలు మింగించిన డీఈసీ గోలీ కూడా లెడర్లేలో సుబ్బారావు హయాంలో 1947లో వచ్చిందే. దానికి ఆల్బెండజోల్ జత కలిపారు. 2017 నుంచి అవసరమైన చోట ఐవర్‌మెక్టిన్ కూడా కలిపి మూడు ఇవ్వమని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్తోంది.

సుబ్బారావు వెతికింది సర్వరోగ నివారిణి కాదు. ఆయన ఒక్కో జబ్బుకు ఒక్కో దారి వెతికారు, ఆ దారుల్ని కలిపే పని వెనక వచ్చినవాళ్లు చేశారు. నోబెల్ రాలేదు. 1988లో హిచింగ్స్, ఎలియన్‌లకు వచ్చింది. మన దేశం 1995లో, శతజయంతికి, ఒక తపాలా బిళ్ళ వేసింది. ఈ పత్రిక చదివే మిత్రులు ఇంటికి పోయినప్పుడు పెద్దవాళ్ల మందుల డబ్బా ఒకసారి తెరిచి చూడండి. ఇందులో అసలు గోలీ ఏది అని ఎవరైనా అడిగితే, డాక్టర్‌ను అడగకుండా ఒక్కటి కూడా తీసేయొద్దని చెప్పండి. టీబీ మందులకైనా, కీళ్ల మందులకైనా ఆ మాట వర్తిస్తుంది.