కంచుకంఠం జగ్గయ్యగారు

మన సూళ్లూరుపేట వాళ్లకు ఒక అలవాటుంది. ఒకే సినిమాను తెలుగులో ఒకసారి, తమిళంలో ఒకసారి చూస్తాం. తడ దాటితే ఆరంబాక్కం, అక్కణ్ణించి తమిళనాడే కదా! మొహం ఒకటే, గొంతులు రెండు. తమిళంలో మాట్లాడింది ఎవరంటే అందరూ హీరో పేరు చెబుతారు. మరి తెలుగులో మాట్లాడింది ఎవరని అడిగితే చాలామంది తల గోక్కుంటారు. 2019లో మన ఊళ్లో వంద అడుగుల పైచిలుకు వెడల్పున్న తెరతో సినిమా హాలు తెరిచారు. అంత పెద్ద తెరమీద కూడా గొంతు ఇచ్చినవాడి మొహానికి జానెడు చోటుండదు.

తన మొహంతోనూ, పరాయి మొహం వెనకనుంచీ కూడా తెలుగువారిని మెప్పించిన ఒక పెద్దాయన గురించి ఈ సంచికలో రాయదలచుకున్నాను. ఆయనే కొంగర జగ్గయ్యగారు. 2004 మార్చి 5న చెన్నైలో కన్నుమూశారు. అప్పటికి నేనింకా పుట్టలేదు. అయినా ఆ గొంతు నాకు చిన్నప్పటినుంచీ తెలుసు. ఇంట్లో టీవీలో పాత సినిమా నడుస్తుంటే, పెరట్లో గొడ్లకు మేత వేస్తూనే అది జగ్గయ్య గొంతని మా తాత చెప్పేసేవాడు. తెర చూడాల్సిన పనే ఉండేది కాదు.

జగ్గయ్యగారు తెనాలి దగ్గర మోరంపూడి అనే పల్లెలో పుట్టారు. పదకొండేళ్ల వయసులోనే రంగస్థలం ఎక్కారు. బెంగాలీ రచయిత ద్విజేంద్రలాల్ రాయ్ రాసిన 'సీత' నాటకాన్ని హిందీలో వేస్తే, అందులో లవుడి వేషం ఆయనది. ఇంట్లో మాట్లాడే భాష కాదు, అయినా మాట స్పష్టంగా పలకాలి, చివరి వరసలో కూర్చున్నవాడికి కూడా వినపడాలి. అప్పట్లో నాటకాల కుర్రాళ్లకు అదే మొదటి పాఠం. ఆ పాఠం ఆయనకు జన్మంతా పనికొచ్చింది.

తరవాత గుంటూరు ఆంధ్ర క్రైస్తవ కళాశాలలో చదివారు. ఎన్.టి. రామారావుగారు అక్కడ ఆయన తోటి విద్యార్థి. ఇద్దరూ కలిసి నాటకాలు ఆడారు. వాళ్ల బృందం పేరు నేషనల్ ఆర్ట్ థియేటర్. అంటే, ఇద్దరు మహానటులు మనలాగే కాలేజీ వార్షికోత్సవాల మీదుగా వచ్చినవాళ్లే! అడివి బాపిరాజుగారి దగ్గర జగ్గయ్యగారు చిత్రలేఖనం కూడా నేర్చుకున్నారు. పత్రికల్లో పనిచేశారు. ఆ తరవాత ఢిల్లీ ఆకాశవాణిలో చేరి సుమారు మూడేళ్లు తెలుగు వార్తలు చదివారు.

వార్తలు చదవడమంటే సామాన్యమా? వినేవాడికి మన మొహం కనపడదు. చెయ్యి తిప్పి, కన్నెర్ర చేసి అర్థం చెప్పే వీల్లేదు. ఉన్నదల్లా గొంతే. నాటకం ఆయనకు గట్టిగా పలకడం నేర్పితే, మైకు నెమ్మదిగా పలికి కూడా మెప్పించడం నేర్పింది.

1952లో త్రిపురనేని గోపీచంద్ దర్శకత్వంలో వచ్చిన 'ప్రియురాలు'తో సినిమాల్లోకి వచ్చారు. 1955లో బి.ఎన్. రెడ్డిగారి 'బంగారుపాప', మన నెల్లూరాయన పి. పుల్లయ్యగారి 'అర్ధాంగి' వచ్చాయి. వాటితో ఆయన నిలదొక్కుకున్నారు. 1962లో 'పదండి ముందుకు' చిత్రాన్ని సొంతంగా తీశారు. 1974లో వచ్చిన 'అల్లూరి సీతారామరాజు'లో రూథర్‌ఫర్డ్ అనే తెల్లదొర వేషం వేశారు. అచ్చ తెలుగు గొంతున్న మనిషి తెల్లదొరగా కనిపించినా జనం ఒప్పుకున్నారు!

ఇక డబ్బింగ్ సంగతి. మొదటి తెలుగు డబ్బింగ్ చిత్రం 1950లో వచ్చిన 'ఆహుతి'. హిందీ చిత్రానికి శ్రీశ్రీగారు తెలుగు మాటలు, పాటలు రాశారు. తరవాత మద్రాసులో ఈ పని బాగా పెరిగింది. తమిళ మహానటుడు శివాజీ గణేశన్ చిత్రాలు తెలుగులోకి వచ్చినప్పుడు ఆయన నోట పలికింది చాలావరకు జగ్గయ్యగారే.

ఆ రోజుల్లో ఈ పని ఎలా జరిగేదో విజ్ఞానశాస్త్ర విద్యార్థిగా నాకు ఆసక్తి. ఫిల్ములో చిన్న ముక్క కత్తిరించి, రెండు కొసలూ అతికించి ప్రొజెక్టరులో తిప్పేవారు. ఒకే దృశ్యం తెరమీద మళ్లీ మళ్లీ వస్తుంది. దాన్ని చూస్తూ మాట కలపాలి. నటుడి పెదవులు కలిసినచోట ప, బ, మ లాంటి అక్షరం పడాలి. తమిళుడు 'మరం' అంటే చివర పెదవులు మూసుకుంటాయి. మనం 'చెట్టు' అంటే మూసుకోవు. తమిళంలో చాలా మాటలు హల్లుతో ఆగితే మన మాటలు అచ్చుతో ముగుస్తాయి. అర్థం చెడకుండా, పెదవి తప్పకుండా, ఆవేశం తగ్గకుండా పలకాలి. అందులోనూ శివాజీగారివి ఊపిరి తిప్పుకోనివ్వని పొడుగాటి డైలాగులాయె! ఆయన ఊపిరి ఎక్కడ తీస్తే ఈయనా అక్కడే తీయాలి.

జగ్గయ్యగారిది కంచుకంఠం అంటారు. కంచు రాగీ తగరమూ కలిసిన లోహం. గంట కొట్టాక కూడా చాలాసేపు మోగుతుంది. మగవాళ్ల గొంతులో మూలస్వరం మామూలుగా 85 నుంచి 155 హెర్ట్జ్ మధ్య ఉంటుంది. దానిమీద లేచే అతిస్వరాల బలాబలాలను బట్టే ఒక గొంతు ఇంకో గొంతులా ఉండదు. ఇది ప్రకృతి ఇచ్చేది. కానీ ఏ మాట ఎక్కడ విరవాలో, ఎక్కడ ఆగాలో ప్రకృతి చెప్పదు. అది నాటకం, రేడియో, పుస్తకం చెప్పాలి.

పుస్తకాన్ని ఆయన ఎన్నడూ వదల్లేదు. టాగూరు గీతాంజలిని 'రవీంద్ర గీత' పేరుతో తెలుగు చేశారు. ఆచార్య ఆత్రేయగారు పోయాక ఆయన రచనలన్నిటినీ సంపుటాలుగా వెలువరించడానికి పూనుకున్నారు. పరాయి మొహానికి గొంతిచ్చినట్టే, పోయిన మిత్రుడి మాటకు కూడా ఊపిరి పోశారన్నమాట. 1967లో ఒంగోలు నుంచి లోక్‌సభకు నెగ్గారు. ఆ సభకు ఎన్నికైన తొలి సినిమా నటుడు ఆయనేనని చెప్పుకుంటారు. 1992లో పద్మభూషణ్ వచ్చింది. కళావాచస్పతి అన్నది బిరుదు.

ఈయన జీవితం నుంచి మనకేమిటి? పల్లెలనుంచి వచ్చిన మనలో చాలామంది సెమినారులో నోరు విప్పడానికి జంకుతాం. మన మాటలో నెల్లూరు యాస, పక్కనే అరవం వాసన. ఇది పైకి వినపడితే నవ్వుతారేమోనని భయం. మోరంపూడి కుర్రాడికి కూడా మొదట ఉన్నది పల్లెటూరి గొంతే. సాధన చేసి దాన్ని ఆయన ఎంత పెద్దది చేసుకున్నారంటే, సొంత వేషాలకు పోను ఇంకొకరికి అరువివ్వడానికి కూడా మిగిలింది.

చివరగా మన విద్యార్థి సంఘానికి ఒక విన్నపం. వార్షికోత్సవంలో నాటకం అయ్యాక వేషగాళ్ల పేర్లు చదువుతారు, చప్పట్లు కొడతాం. తెరచాటున పుస్తకం పట్టుకుని మాట అందించినవాళ్ల పేర్లు, మైకు వెనక వ్యాఖ్యానం చదివినవాళ్ల పేర్లు కూడా చదివించండి. వాళ్లకూ నాలుగు చప్పట్లు దక్కాలి. జగ్గయ్యగారిని తలుచుకోవడానికి మన కాలేజీలో ఇంతకన్నా మంచి పద్ధతి నాకు తోచడంలేదు.