ఎడారి దాటిన విద్యార్థి: హ్యూయాన్‌త్సాంగ్

విద్యార్జనకై దేశాంతరాలు తిరిగిన మహనీయులలో చైనా యాత్రికుడు హ్యూయాన్‌త్సాంగ్ అగ్రగణ్యుడు. హర్షవర్ధనుని కాలంలో భారతదేశానికి వచ్చినవాడని పాఠ్యపుస్తకాలలో చదివి, పరీక్షలో వ్రాసి, మరచిపోతుంటాము. ఎన్ని కష్టాలకోర్చి ఆయన ఇచ్చటికి చేరాడో తెలుసుకొనడం విద్యార్థులమైన మనకు అవసరమని భావిస్తున్నాము.

ఆయన 602లో లోయాంగ్ నగర సమీపాన జన్మించాడు. బాల్యంలోనే బౌద్ధ భిక్షువుల చెంత చేరి విద్యాభ్యాసం చేశాడు. చైనా భాషలో లభించిన బౌద్ధ గ్రంథాలు ఒకదానితో నొకటి పొసగకపోవడం ఆయనను కలవరపరచింది. మూలగ్రంథాలను అవి పుట్టినచోటనే చదవాలని నిశ్చయించాడు. దేశం విడిచి వెళ్ళరాదని ప్రభుత్వ నిషేధమున్నప్పటికీ 629లో రహస్యంగా బయలుదేరాడు. సరిహద్దులో మార్గదర్శి భయపడి వెనుదిరిగాడు. ఆ దారి పలుమార్లు నడచిన ఒక ముసలి గుర్రమే ఆయనకు తోడుగా మిగిలింది. కావలి బురుజు వద్ద రాత్రివేళ నీరు పట్టుకొంటుండగా ఒక బాణం మోకాలి చెంతనే దూసుకొనిపోయింది. ఆయన సంకల్పాన్ని తెలుసుకొన్న అధికారి మాత్రం ఆదరించి, ముందుకు సాగనంపాడు.

ఇక ముందున్నది గోబీ ఎడారి. వందలాది కిలోమీటర్ల నిర్జల ప్రదేశం. ఎముకలు, గుర్రపు లద్దెలే దారికి గుర్తులు. అట్టిచోట బరువైన నీటి తిత్తి చేజారి, ఉన్న నీరంతా ఇసుకపాలయింది. దారి కూడా తప్పింది. గత్యంతరం లేక కొంతదూరం వెనుకకు నడిచాడు. భారతదేశం చేరనిదే తూర్పు దిక్కుకు ఒక్క అడుగైనా వేయనన్న తన ప్రతిజ్ఞ అప్పుడు గుర్తుకు వచ్చింది. వెంటనే గుర్రాన్ని మరల ముందుకు మళ్ళించాడు. నాలుగు రాత్రులు, అయిదు పగళ్ళు చుక్కనీరు లేదు. అయిదవ రాత్రి చల్లగాలి వీచింది. పిదప గుర్రమే దారి మార్చి, ఆయనను పచ్చికబయలుకూ, నీటిమడుగుకూ చేర్చింది.

తరువాత నలందలో శీలభద్రుని వద్ద శాస్త్రాధ్యయనం చేశాడు. మన ఆంధ్రదేశానికి వచ్చి వేంగినీ, ధాన్యకటకాన్నీ దర్శించాడు. ధాన్యకటకంలో కొన్ని నెలలుండి, స్థానిక భిక్షువుల వద్ద అభిధర్మాన్ని అభ్యసించాడు. 645లో 657 గ్రంథాలతో స్వదేశం చేరి, 664లో మరణించేవరకు అనువాదంలోనే నిమగ్నుడైనాడు. సంస్కృత మూలాలు నశించిన పలు గ్రంథాలు నేటికీ ఆయన అనువాదాలలోనే నిలిచియున్నవి.

బయలుదేరేనాటి ఉత్సాహం ఎందరికైనా ఉంటుంది. వెనుదిరిగిన గుర్రాన్ని మరల ముందుకు మళ్ళించగల స్థైర్యం కొందరికే ఉంటుంది. గ్రంథాలకై ఎడారిని దాటిన ఆ మహనీయుని తలచుకొన్నప్పుడు, నాలుగడుగుల దూరంలోనున్న మన కళాశాల గ్రంథాలయం మనకు దూరమనిపించరాదు.