సూరత్ చేరకముందే కన్నుమూసిన డచ్ కమిషనర్

సూరత్‌లోని కతార్‌గామ్ డచ్ శ్మశానవాటికలో గుమ్మటాలతో నిలిచిన రెండంతస్తుల సమాధి హెండ్రిక్ వాన్ రీడ్‌ది. నగరంలోని కంపెనీ లెక్కలను తనిఖీ చేసేందుకు బయలుదేరిన ఆయన భౌతికకాయమే ఇక్కడికి చేరింది.

1636లో ఆమ్‌స్టర్‌డామ్‌లో జన్మించిన వాన్ రీడ్ యువకుడిగానే డచ్ ఈస్టిండియా కంపెనీ కొలువులో చేరారు. పోర్చుగీసువారి నుంచి 1663లో కొచ్చిని గెలుచుకున్న పోరులో పాల్గొన్నారు. 1670లో మలబార్ పాలనాధికారి అయ్యారు. మిరియాల వ్యాపారంపై కంపెనీ గుత్తాధిపత్యాన్ని కాపాడడమే అక్కడ ప్రధాన విధి. అయినా నేడు ఆయన పేరు వినిపించేది ఆ ప్రాంతపు మొక్కలను వర్ణించిన ‘హోర్టస్ మలబారికస్’ వల్లనే. 1678 నుంచి 1693 వరకు 12 సంపుటాలుగా ఆమ్‌స్టర్‌డామ్‌లో వెలువడిన ఈ గ్రంథానికి ఈళవ వైద్యుడు ఇట్టి అచ్యుతన్, ముగ్గురు కొంకణి పండితులు తమ విజ్ఞానాన్ని అందించారు. వారి పేర్లను గ్రంథంలోనే ముద్రించడం ఆ కాలంలో అరుదైన మర్యాద.

స్వదేశానికి తిరిగి వెళ్లాక మైడ్రెక్ట్ జమీని సంపాదించి, ఉట్రెక్ట్ రాష్ట్ర పాలనలో భాగమైన కులీనుల సభలో స్థానం పొందారు. వర్తక సంస్థ ఉద్యోగం ఆ విధంగా రాజకీయ హోదాకు దారితీసింది. ఉద్యోగుల అవినీతిని అరికట్టేందుకు 1684లో కంపెనీ ఆయనను కమిషనర్ జనరల్‌గా నియమించింది. ఆఫ్రికాలోని కేప్, బెంగాల్, సింహళం స్థావరాలతో పాటు, మచిలీపట్నం గిడ్డంగులు కూడా చేరివున్న కోరమండల్ తీరం ఆయన పరిధిలోకి వచ్చింది. ఆ తీరపు ప్రధాన కేంద్రం పులికాట్ నుంచి నాగపట్నానికి మారింది ఈ కాలంలోనే.

కొచ్చి నుంచి సూరత్‌కు వస్తూ 1691 డిసెంబరు 15న ఓడలోనే మరణించారు. 1692 జనవరి 3న సూరత్‌లో ఖననం జరిగింది. ఆంగ్లేయుల ఆక్సిండెన్ సోదరుల సమాధిని మించేలా దీనిని నిర్మించారని నగరంలో నేటికీ చెప్పుకొంటారు.