ప్రధాన న్యాయమూర్తి లెమ్యుయెల్ షా

అమెరికా సంయుక్త రాష్ట్రములలో మసాచుసెట్స్ ఒకటి. ఆ రాష్ట్రపు అత్యున్నత న్యాయస్థానమునకు ముప్పది సంవత్సరములు ప్రధాన న్యాయమూర్తిగ నుండిన మహామేధావి లెమ్యుయెల్ షా. ఆయన తీర్పులలో కొన్ని దీనులకు అండయైనవి. కొన్ని వారికి శాపమైనవి. రెండును తెలిసికొనదగినవే.

షా 1781 జనవరి 9వ తేదీన బార్న్‌స్టేబులు అను ఊరిలో ఒక క్రైస్తవ మతగురువు ఇంట జన్మించెను. 1800లో హార్వర్డు కళాశాల పట్టము పొంది, కొంతకాలము బడిపంతులుగ పనిచేసి, 1804లో న్యాయవాది యయ్యెను. 1822లో బోస్టను పట్టణము నగరముగ మారినపుడు దాని పాలనకు కావలసిన శాసనమును వ్రాసినది ఆయనయే. 1830లో ప్రధాన న్యాయమూర్తి పదవిని స్వీకరించెను.

1836లో మెడ్ అను ఆరేండ్ల బానిస పిల్లను యజమానురాలు న్యూ ఆర్లియన్సు నుండి బోస్టనుకు తీసికొనివచ్చెను. బానిసత్వ నిర్మూలనకై పాటుపడు స్త్రీలు ఆ పిల్ల పక్షమున న్యాయస్థానము నాశ్రయించిరి. బానిసత్వము శాసనబలము చేతనే నిలుచును. అట్టి శాసనము మసాచుసెట్స్‌లో లేదు. కావున ఆ పిల్లను బలవంతముగ తిరిగి కొనిపోరాదని షా తీర్పు చెప్పెను. మెడ్ స్వతంత్రురాలయ్యెను.

1842లో, బూట్లు కుట్టు పనివారు సంఘముగ చేరుట నేరము కాదనియు, వారి ఉద్దేశమో మార్గమో చట్టవిరుద్ధమైననే నేరమగుననియు నిర్ణయించెను. కార్మిక సంఘములకు ఇది గొప్ప ఆలంబనమయ్యెను. అయితే ఆ సంవత్సరముననే, తోటి పనివాని అజాగ్రత్తవలన కుడిచేయి నలిగిపోయిన రైలింజను డ్రైవరుకు కంపెనీ పరిహార మీయనక్కరలేదనియు ఆయనయే తీర్పు చెప్పెను. పనిలోని అపాయమునకు వెల కూలిలోనే చేరియున్నదని ఆయన తర్కము.

1850లో సారా రాబర్ట్సు అను నల్లజాతి బాలిక వ్యాజ్యము తీర్పునకు వచ్చెను. ఐదేండ్ల ఆ పిల్ల తెల్లవారి బడులను దాటుకొని దూరపు బడికి నడిచిపోవలసియుండెను. నల్లవారికి వేరుబడి యుంచు అధికారము నగర విద్యాసంఘమునకు కలదని షా నిర్ణయించెను. మరుసటి సంవత్సరము, జార్జియా నుండి పారిపోయి వచ్చిన థామస్ సిమ్స్ అను బానిస బోస్టనులో పట్టుబడెను. జనము పైబడకుండ న్యాయస్థానము చుట్టును ఇనుపగొలుసులు కట్టిరి. వృద్ధుడైన షా వాని క్రిందుగ వంగి లోనికి పోవలసివచ్చెను. బానిసత్వము ఆయనకు గిట్టనిదే. అయినను దేశ శాసనమునకు లోబడవలెనని సిమ్స్‌ను విడిపించుటకు నిరాకరించెను.

షా 1860లో పదవిని విడిచి, 1861 మార్చి 30వ తేదీన మరణించెను. పదునాలుగు దినములైనను గడవకముందే బానిసత్వ కారణమున అంతర్యుద్ధ మారంభమయ్యెను.

సారా కథ తీర్పుతో ముగియలేదు. నల్లజాతివారును వారి మిత్రులును విజ్ఞాపనలు పంపుచు పట్టు విడువకుండిరి. 1855లో మసాచుసెట్స్ శాసనసభ ఆ భేదమును నిషేధించెను. అయినను 1896లో దేశపు సుప్రీంకోర్టు, రైలుపెట్టెలలో జాతిభేదమును సమర్థించుచు షా తీర్పునే ఉదాహరించెను. బడులలో ఆ భేదము చెల్లదని సుప్రీంకోర్టు 1954లో గాని చెప్పలేదు. న్యాయమూర్తి శాసనమునకు అర్థము చెప్పును. ఆ అర్థము అన్యాయమైనపుడు శాసనమును మార్పించుకొను భారము ప్రజలది. బోస్టను నల్లజాతి తలిదండ్రులు ఆ భారమును మోసి చూపిరి.