ఖైరున్నీసా బిడ్డలు

కూషు దేశపు స్త్రీని పెండ్లాడినందుకు మిర్యాము మోషేను తప్పుపట్టెను. దేవుడు మిర్యామునే గద్దించెనని సంఖ్యాకాండము 12లో చదువుచున్నాము.

హైదరాబాదులో బ్రిటిషు రెసిడెంటైన జేమ్సు కిర్క్‌పాట్రిక్ 1800 ప్రాంతమున గొప్ప ముస్లిము కుటుంబపు కన్య ఖైరున్నీసాను ఇస్లాము పద్ధతిని వివాహమాడెను. గవర్నరు జనరలు వెల్లెస్లీ దానిపై విచారణ జరిపించెను. 1805లో వారి పసిబిడ్డలిద్దరును ఇంగ్లండుకు పంపబడిరి; ఆ యేడే తండ్రి కలకత్తాలో మరణించెను. 1806లో లండనులో బిడ్డలకు బాప్తిస్మమిచ్చి క్రొత్త పేర్లు పెట్టిరి. తల్లి వారిని మరల చూడకయే 1813లో కన్నుమూసెను.

ప్రియులారా, చిత్తూరు పల్లెలలో బాప్తిస్మమిచ్చునప్పుడెల్ల మేము సంతోషింతుము. అయితే ఆ దినమున ఆ తల్లిని ఎవరడిగిరి? మన వాకిటికి వచ్చిన పరకులపు కోడలిని, ఆమె బిడ్డలను వేరుచేయక చేర్చుకొందము.